ఇప్పపూలకు పోయిన పిల్ల

ప్రూఫులు దిద్దడం నా పని. తెనాలిలో మా ఇంటి వసారాలో కూర్చుని చాలా ఏళ్లుగా ఇతరుల పుస్తకాల్లో తప్పులు వెతుకుతున్నాను. పుస్తకం కోసం ఊరు దాటింది లేదు. మొన్న మార్చిలో మొదటిసారి దాటాను, అదీ నాకు రాని భాషలో ఉన్న పుస్తకం కోసం.

అది కోయ కథల సంపుటం. ఎడమ పేజీలో కోయ, కుడి పేజీలో తెలుగు, రెండూ తెలుగు లిపిలోనే. కోయ పేజీ చదవగలను గానీ అర్థం చేసుకోలేను. అక్షరాన్ని అక్షరంతో పోల్చి చూడటమే. ఆ భాషలో మాట గొంతు దగ్గర ఒక్క క్షణం ఆగే చోట్లు ఉన్నాయి. దానికి తెలుగులో అక్షరం లేదు. కథలు సేకరించిన పౌలు సారు అలాంటి చోట్ల పైన చిన్న గీత పెట్టుకున్నారు. మా డి.టి.పి. ఆపరేటరు అవి జిరాక్సు మరకలనుకుని అన్నిటినీ తుడిచేశాడు. మొదటి ప్రూఫు చూసిన సారు నాకు ఫోను చేసి, "మా కథల్ల మనుషులు ఊపిరి తీసుకోకుంట మాట్లాడుతున్నరు మేడం" అన్నారు. గీతలన్నీ మళ్లీ పెట్టించాం.

అచ్చుకు పోయేముందు కథ చెప్పినవాళ్లకు వాళ్ల కథ చదివి వినిపించాలని సారు షరతు. చాలామందికి ఆయనే వినిపించేశారు. ఒక్క కథ మిగిలింది. దాన్ని చెప్పింది జోగమ్మ అనే ఆవిడ. తల్లి దగ్గర విన్నానని చెప్పింది గనక, ఆమె చెల్లెలు ముత్తమ్మకు కూడా వినిపించాలని సారు పట్టుపట్టారు. వాళ్లేమైనా మార్చమంటే అక్కడికక్కడే దిద్దుకుని రమ్మని మా ప్రచురణకర్త నన్ను పంపించారు.

ఖమ్మం

రైలు దిగగానే తుమ్ము వచ్చింది. మిరప యార్డు ఎటుందో ఎవరినీ అడగనక్కర్లేదు. గుంటూరు పక్కన పుట్టినదాన్ని, మిరప ఘాటు నాకేం కొత్త అనుకున్నాను గానీ, ఆటో ఎక్కేసరికి కళ్లు ధారలు కట్టాయి. ఆటో అతను వెనక్కి తిరిగి, ఎవరైనా పోయారా అని మెల్లగా అడిగాడు. మిరపకాయలని చెప్పాక నవ్వి, కిరాయిలో పది రూపాయలు తగ్గించాడు.

బస్సుకు ఇంకా వేళ ఉండటంతో పుస్తకాల కొట్లు తిరిగాను. అన్నిటా కోచింగు పుస్తకాలే, ఇటుకల్లా పేర్చి ఉన్నాయి. ఒక కొట్లో కథల పుస్తకాలున్నాయా అని అడిగితే యజమాని ఏ క్లాసుకు అన్నాడు. ఏ క్లాసుకూ కాదు, ఊరికే చదువుకోవడానికన్నాను. లోపలికి వెళ్లి, దుమ్ము దులుపుతూ ఒక కట్ట తెచ్చాడు. వాళ్ల నాన్న కాలంలో ముందు అరల్లో కథలూ నవలలూ, వెనుక బడి పుస్తకాలూ ఉండేవట. సాయంత్రాలు బడి పంతుళ్లు, కోర్టు గుమాస్తాలు, పార్టీ కార్యకర్తలు వచ్చి నిలబడే సగం పుస్తకం చదివి వెళ్లేవారట. వాళ్లను కొనమని అడగొద్దని తండ్రి మాట. ఇప్పుడు వాళ్ల మనుమలు గైడ్ల కోసం వస్తారనీ, జల్దీ బిల్లు చెయ్యమంటారనీ చెప్పాడు. ఆ చెప్పడంలో ఫిర్యాదు లేదు. కట్టలోంచి ఒక సంపుటం తీసుకున్నాను. అట్ట మీద ఆరు రూపాయలని ఉంది. ఆరే పుచ్చుకున్నాడు.

భోజనం హోటల్లో చారు అడిగితే పచ్చిపులుసు పోశారు. మాకు చారంటే పొగలు రావాలి. ఇక్కడ చల్లగా, ఉల్లిపాయ ముక్కలతో, పులుపు ముందుకొచ్చి ఉంటుంది. ఆ ఎండకు అదే సరి అనిపించి రెండోసారి పోయించుకున్నాను.

జూలూరుపాడు

బస్సులో నిద్రపట్టింది. ఎవరో దిగుతుంటే నేనూ దిగేశాను. బస్సు వెళ్లాక చూసుకుంటే అది ఏన్కూరు. రోడ్డు పక్క కుట్టుమిషను దుకాణంలోని ఆవిడ నా వాలకం చూసి స్టూలు వేసింది. ఏం పని చేస్తావమ్మా అని అడిగితే, అచ్చయ్యే కాగితాల్లో తప్పులు దిద్దుతానన్నాను. ఆవిడ వెంటనే ఫోను తీసి, వాళ్ల చర్చిలో జరిగే సభల ఫ్లెక్సీ చూపించింది. రాత్రికి ప్రింటుకు పోవాలట. 'ఉజ్జీవ సభలు' అన్నచోట ఒక జ పోయింది. అక్కడికక్కడే ఫ్లెక్సీ అతనికి ఫోను చేసి దిద్దించింది. నా టీకి డబ్బు ఇవ్వనివ్వలేదు. వచ్చే బస్సు ఆపి, కండక్టరుకు నన్ను పౌలు సారు ఉండే జూలూరుపాడులో జాగ్రత్తగా దింపమని చెప్పింది.

పౌలు సారు ఆశ్రమ పాఠశాలలో పంతులుగా చేసి రిటైరయ్యారు. పుట్టుక కోయ, మతం క్రైస్తవం. ఇంట్లో ఆయనా, భార్య సుగుణమ్మగారూ. అన్నం ముందు ప్రార్థనలో సుగుణమ్మగారు నా పేరు, మా ప్రెస్సు పేరు కూడా చేర్చారు. ఒక ప్రూఫు రీడరు కోసం ఎవరైనా దేవుణ్ణి అడగడం నేను వినడం అదే మొదలు. జొన్నరొట్టె, గోంగూర పప్పు, ఎండుచేపల పులుసు పెట్టారు.

తిన్నాక సారు తాను రాతలోకి ఎలా వచ్చారో చెప్పారు. చిన్నప్పుడు హాస్టల్లో ఉండగా తల్లికి ఉత్తరాలు రాసేవారు. ఆమెకు చదువు రాదు, తెలుగూ అంతంతమాత్రం. తెలుగు వచ్చిన ఊరాయన ఒకడు చదివి కోయలో చెప్పేవాడు. సెలవులకు ఇంటికి వెళ్తే, ఈయన రాయని సంగతులన్నీ తల్లి అడిగేదట. జ్వరం తగ్గిందా అని ఒకసారి, ఎవరితో కొట్లాడావని ఇంకోసారి. మధ్యలో ఆ ఊరాయన తనకు తోచింది కలిపేవాడు. అప్పుడే కోయను కోయగా రాయాలనిపించిందని సారు అన్నారు. తమ భాషకు సొంత లిపి కావాలనేవాళ్లు తమలో ఉన్నారనీ, తనకూ ఇష్టమేననీ, కానీ బడి పిల్లలకు ఇప్పుడు వచ్చిన అక్షరాలు తెలుగువేననీ చెప్పారు. "ముందు చదవనియ్యి. అక్షరాల కొట్లాట తర్వాత చూసుకుందం."

భద్రాచలం

మర్నాడు సారూ నేనూ కొత్తగూడెం మీదుగా బయలుదేరాం. పాల్వంచ దాటాక చెట్లు దగ్గరపడ్డాయి. గోదావరి వంతెన మీద బస్సులో సగంమంది చేతులు జోడించారు. నీరు సన్నబడి, ఇసుకే ఎక్కువ కనిపించింది. మా కృష్ణ కాలవలు చూసిన కళ్లకు ఇంత ఇసుక దిగులుగా తోచింది. వానాకాలంలో వచ్చి చూసి మాట్లాడమన్నారు సారు.

గుడి వీధిలో చిన్న చిన్న పుస్తకాలు దండిగా అమ్ముతున్నారు. స్తోత్రాలు, వ్రతకథలు, పెళ్లిపాటలు. అన్నీ పిన్నులు కొట్టిన పదహారు పేజీలవే, ఒక్కోటి ఇరవై రూపాయలు. అలవాటు కొద్దీ ఒకటి తెరిచి, మొదటి పేజీలోనే రెండు తప్పులు చూశాను. అమ్మే అమ్మాయి, తప్పులున్నా ఎవరూ వెనక్కి తేలేదని చెప్పింది. అందరికీ నోటికి వచ్చినవే, పుస్తకం చేతిలో ఉంటే ధైర్యమని కొంటారట.

ముత్తమ్మ ఊరు

భద్రాచలం నుంచి దుమ్ముగూడెం దారిలో కొంతదూరం ఆటోలో, తర్వాత మట్టిదారిలో ముత్తమ్మ గూడేనికి వెళ్లాం. వాకిలి నిండా ఇప్పపూలు ఆరబోసి ఉన్నాయి. తీపి, పులుపు కలిసిన వాసన. ముత్తమ్మకు అరవై దాటి ఉంటాయి. పొట్టిగా, గట్టిగా ఉంది. మేం కూర్చోగానే సొరకాయ బుర్రలోంచి జీలుగు కల్లు వంచి ఇచ్చింది. మా ఊళ్లో ఇంటి ఇల్లాలు మరో ఇల్లాలికి కల్లు పోయడం కలలో కూడా జరగదు. సారు తాగరు గనక ఆయనకు జావ ఇచ్చింది. నేను రెండు గుక్కలు తాగాను. తియ్యగానే ఉంది, కాసేపటికి చెవులు వెచ్చబడ్డాయి.

సారు కథ చదవడం మొదలుపెట్టారు. నేను ఎడమ పేజీ మీద వేలు పెట్టుకుని గీతలు వరసగా చూసుకుంటూ వచ్చాను. కథ చిన్నది. ఒక పిల్ల ఇప్పపూలు ఏరడానికి గంప తీసుకుని పోతుంది. ఒక చెట్టు కింద పూలు అయిపోతే అవతలి చెట్టు కనిపిస్తుంది. అలా వాగు దాటుతుంది, గుట్ట దాటుతుంది. తల్లి గుట్ట ఎక్కి పేరు పెట్టి పిలుస్తుంది. ప్రతిసారీ పిల్ల వస్తున్నానంటుంది గానీ గొంతు దూరమవుతూనే ఉంటుంది. చివరికి తెల్లవారుతుండగా తల్లి పొయ్యి రాజేస్తుంటే, పిల్ల గంప నిండా పూలతో వాకిట్లో నిలబడుతుంది.

ముత్తమ్మ పూలు చెరుగుతూ వింటోంది. చివరికి వచ్చేసరికి చేట పక్కన పెట్టింది. ఇద్దరూ కోయలో కాసేపు గబగబా మాట్లాడుకున్నారు. తర్వాత ఆమె నావైపు తిరిగింది. కలం నా చేతిలో ఉంది మరి.

"మా అమ్మ గట్ల చెప్పలే. పిల్ల రాదు."

జోగమ్మ అలాగే చెప్పిందనీ, తన ఫోనులో రికార్డు ఉందనీ సారు వినిపించారు. వాకిట్లోకి అక్క గొంతు వచ్చింది. ముత్తమ్మ కదలకుండా చివరిదాకా విని, గొంతు అక్కదేనని ఒప్పుకుంది. కథ మాత్రం అది కాదంది. తల్లి చెప్పిన దాంట్లో ఆఖరికి గుట్ట మాత్రమే పలుకుతుంది. తల్లి పిలిచిన మాటే తిరిగి వస్తుంది, పిల్ల రాదు.

"పిల్లగాండ్లు ఒక్కళ్లే వాగు దాటొద్దని చెప్పే కథ ఇది. పొద్దుగాల్ల పిల్ల ఇంటికొస్తే ఇంక భయమేముంటది? ఎవరింటరు?"

తెలుగు పేజీ దిద్దినప్పుడు ఆ ముగింపు నాకు నచ్చింది. ఆమె మాట విన్నాక, ఆ కథతో ఎవరికి ఏం పనో నేను ఆలోచించలేదని తోచింది. సారు తల గోక్కుంటూ కూర్చున్నారు. ఆ అక్కచెల్లెళ్ల తల్లి నోట ఆ కథ ఆయన ఎప్పుడూ వినలేదు. అలాంటప్పుడు జోగమ్మ ఎందుకు మార్చిందని అడిగారు.

ముత్తమ్మ మళ్లీ చేట అందుకుంది. పూలు చెరుగుతూనే చెప్పింది. జోగమ్మకు కమల అని ఒక్కతే కూతురు. మిరపకాయలు కోసే కూలికి గుంటూరు వైపు ముఠాతో పోయింది. ముఠా తిరిగొచ్చింది, కమల రాలేదు. స్టేషనులో తప్పిపోయిందని ఒకరు, ఎవరితోనో వెళ్లిందని ఇంకొకరు చెప్పారు. కొడుకు వెళ్లి వెతికాడు, పోలీసులకూ చెప్పాడు. పదేళ్లు దాటింది.

"కమల పోయినంకనే మా అక్క కథల పిల్ల తిరిగొస్తున్నది" అంది ముత్తమ్మ.

అక్క ఇంట్లో ఎలా చెప్పుకున్నా తనకేమీ లేదనీ, పుస్తకంలో అమ్మ పేరు పెట్టాక అమ్మ చెప్పినట్టే ఉండాలనీ తేల్చి చెప్పింది. నిజంగానే కథ పేరు కింద 'మా అమ్మ చెప్పిన కథ' అని ఉంది. సారు సరేనన్నారు. నేను మార్జిన్‌లో ఎర్ర కలంతో, ముగింపు మారుతుందని రాశాను. బయలుదేరుతుంటే ముత్తమ్మ ఎండిన పూలు పొట్లం కట్టి నాకిచ్చింది. అక్కకు ఏమీ పంపలేదు.

అశ్వారావుపేట

మర్నాడు పాల్వంచ దాకా వెనక్కి వచ్చి, అక్కడి నుంచి దమ్మపేట మీదుగా అశ్వారావుపేట చేరాం. దారి పొడుగునా ఆయిల్‌పామ్ తోటలు. అడవి చూసొచ్చిన కళ్లకు ఆ వరసలు కొలబద్ద పెట్టి గీసినట్టున్నాయి. గెలలు నింపుకున్న ట్రాక్టర్లు మిల్లువైపు పోతున్నాయి. ఒక ట్రాక్టరు వెనక చాలాసేపు ఇరుక్కున్న మా బస్సులో ఎవరూ విసుక్కోలేదు. డ్రైవరూ ట్రాక్టరు అతనూ చుట్టాలట, పక్కపక్కన నడుపుతూ మాట్లాడుకున్నారు.

జోగమ్మ కొడుకు దగ్గర ఉంటోంది. అతను తోటలో గెలలు కోసే పని చేస్తాడు. మేం వెళ్లేసరికి ఆమె ఒక్కతే ఉంది. చెల్లెలికంటే పొడుగు, సన్నం. నన్ను ఏ ఊరని అడిగింది. తెనాలి, గుంటూరు పక్కన అని చెప్పాను. చెప్పాక, ఊరి పేరుతో ఆపి ఉండాల్సిందనిపించింది. ఆమె నా ముఖం వైపు కొంచెంసేపు చూసి, నీళ్లు తెచ్చిచ్చింది. మీ ఊళ్లో మిరప తోటలున్నాయా అంది. మాగాణి ఊరు, మిరప దూరమేనన్నాను.

ముత్తమ్మ మాట సారు ముందు చెప్పలేదు. కథ చదివారు. జోగమ్మ పెదవులు కథ వెంట కదిలాయి. చివర్లో సారుకంటే ముందే మాట అందుకుంది. అయిపోయాక, బాగుందన్నట్టు తల ఊపింది. అప్పుడు సారు చెల్లెలు ఏమందో చెప్పారు.

ఆమె వాదిస్తుందనుకున్నాను. వాదించలేదు.

"అవ్, మా అమ్మ గట్లనే చెప్పేది. ముత్తికి మంచిగ యాదుంది."

అయితే అలాగే మార్చమంటావా అని సారు అడిగారు. జోగమ్మ ఆ ప్రశ్న వదిలేసి నన్ను అడిగింది.

"ఇది అచ్చేసినంక మల్ల మార్చొస్తదా అమ్మా?"

రెండోసారి అచ్చు వేస్తే మార్చవచ్చనీ, ఒకసారి జనం చేతికి పోయిన పుస్తకాలను మాత్రం ఎవరూ మార్చలేరనీ చెప్పాను.

"మీ దిక్కు గూడ అమ్ముతరా?"

విజయవాడలో అచ్చవుతుంది, గుంటూరులోనూ దొరుకుతుందన్నాను.

"కమల ఏడో తరగతి దాక చదివింది. తెలుగు మంచిగ చదువుతది" అంది జోగమ్మ. ఆమె ప్రూఫు కాగితం మీద చెయ్యి పెట్టింది, తెలుగు వైపు పేజీ మీద. "నా బిడ్డ ఇంటికొచ్చినట్టే ఉండనియ్యుండ్రి."

ఆ పిల్ల అనలేదు, నా బిడ్డ అంది. మేమిద్దరం ఆ మాట దిద్దలేదు.

కానీ సారు నిన్ననే ముత్తమ్మకు మాట ఇచ్చారు. ఆయన ముఖంలో ఇబ్బంది కనిపించింది. పుస్తకం కోసం ఆయన తిరిగిన ఊళ్లలో మాట తప్పారని ఎవరూ అనలేదు, ఇకముందూ అనకూడదు. చివరికి ముత్తమ్మ ఇంట్లోవాళ్లకు ఫోను కలిపి, ఆమెను పిలిపించి, స్పీకరు పెట్టి, అక్క ముందే జరిగింది చెప్పారు. అప్పుడు ముత్తమ్మ మాట్లాడింది, సారుతో కాదు, అక్కతో. జోగమ్మ ఊ కొట్టింది, ఒకచోట అడ్డం చెప్పింది, మళ్లీ ఊ కొట్టింది. నాకు అర్థమైంది ఆ గొంతుల ఎత్తుపల్లాలే. రెండు గొంతులూ ఒకేలా ఉన్నాయి.

ఫోను పెట్టేశాక సారు నాకు తెలుగులో చెప్పారు. ముత్తమ్మ ఆ ముగింపు ఉంచుకొమ్మంది, కానీ అది అమ్మ కథ అనొద్దంది. నీ కథ అని రాయించుకో అంది.

జోగమ్మ అడ్డం చెప్పింది ఆ చోటే. కథ ఒకరిదెలా అవుతుందని ఆమె అనుమానం. అన్నీ ఎవరో చెప్పగా విన్నవే కదా, తను కొత్తగా కట్టిందేమీ లేదు కదా అంది. చివరి మాటలు నువ్వే కట్టావు కదా అన్నారు సారు. ఆమె ఆలోచించి, అవి మాత్రం నావే అంది.

నేను 'మా అమ్మ చెప్పిన కథ' అన్న మాటలు కొట్టేసి, పక్కన 'జోగమ్మ కథ' అని రాశాను. మార్జిన్‌లో నిన్న రాసిన దాన్ని కూడా కొట్టేసి, యథాతథం అని పెట్టాను. 'జోగమ్మ కథ' అన్న ఆ రెండు పదాలు ఎలా ఉంటాయో చూపించమంది జోగమ్మ. కాగితం ఇచ్చాను. కొంచెంసేపు చూసి, తిరిగి ఇచ్చి, అన్నం పెడతానని లేచింది. చింతచిగురు పప్పు చేసింది.

ఇంటికి

సత్తుపల్లి బస్సులో ఊరూరా మాట మెత్తబడుతూ వచ్చింది. ఎక్కినప్పుడు 'ఏంది' అని వినిపించిన చోట, దిగేసరికి 'ఏంటండీ' వినిపించింది.

మా ప్రచురణకర్త ప్రూఫు చూసి ఇబ్బందిపడ్డారు. పాత కథకు రచయిత పేరు పెడితే పండితులు తప్పు పడతారని ఆయన భయం. జరిగినదంతా చెప్పాను. పండితుల సంగతి తాను చూసుకుంటానన్నారు. మిగతా కథలకు చివర చిన్న అక్షరాల్లో, చెప్పినవారు ఫలానా అని ఉంటుంది. ఈ ఒక్క కథకు పేరు పైన ఉంది. కిందటి జూన్‌లో పుస్తకం వచ్చింది. నేను కొన్ని కాపీలు కొని గుంటూరు బస్టాండు దగ్గరి కొట్లలోనూ, మిరప ఎక్కువ పండే ఊళ్ల గ్రంథాలయాల్లోనూ ఇచ్చి వచ్చాను. అందుకు నన్ను ఎవరూ అడగలేదు. కమల సంగతి ఇంతవరకు ఏమీ తెలియలేదు.

వానలు పడ్డాక పౌలు సారు ఫోను చేశారు. ముత్తమ్మ గూడెంలోని బడికి పుస్తకాలు చేరాయట, పిల్లలు కోయ పేజీలు పోటీపడి చదువుతున్నారట. ఒక సాయంత్రం ముత్తమ్మ ఎప్పటిలాగే వాకిట్లో ఇప్పపూల పిల్ల కథ చెప్పింది. పిల్ల రాదని చెప్పగానే పిల్లలు ఒప్పుకోలేదు, అవ్వ మరిచిపోయింది, పుస్తకంలో పిల్ల వస్తుందన్నారు. ఒకమ్మాయి లోపలికి పరిగెత్తి పుస్తకం తెచ్చి, ఆ పేజీ తీసి చూపించింది.

ముత్తమ్మ పుస్తకం పక్కన పెట్టించి, వాళ్లను మళ్లీ కూర్చోబెట్టిందట.

"అది మా అక్క కథ. దాంట్ల పిల్ల వస్తది" అందట. "ఇప్పుడు నేను చెప్పేది మా అమ్మ కథ. ఇనుండ్రి."